ఎక్స్‌రేలో ఏమీ లేదన్నారు, కాలు మాత్రం ఒకే చోట పొడుస్తోంది

మూడో లేన్ (నల్లగొండ)

అందరికీ నమస్తే. నేను డిగ్రీ ఫైనలియర్ అమ్మాయిని. 1500, 5000 మీటర్లు పరుగెత్తుతాను. ఊరు చండూరు దగ్గర, ఉండేది నల్లగొండలో హాస్టల్‌లో. విషయం కొంచెం పొడుగు, ఓపిగ్గా చదవండి.

ఎడమ కాలు. మోకాలి కింద ముందు బొక్క ఉంటుంది కదా, దాని లోపలి అంచు మీద, చీలమండకు జానెడు పైన నొప్పి. ఐదు వారాలైంది. మొదట్లో వార్మప్‌లో వచ్చి, రెండు రౌండ్లు కొట్టేసరికి పోయేది. తర్వాత చివరి రౌండ్లలో వచ్చి, రూముకు వెళ్లేదాకా ఉండేది. ఇప్పుడు గ్రౌండ్‌కు నడిచి వెళ్తుంటేనే మొదలవుతోంది. మొన్న రాత్రి పడుకున్నాక కూడా లోపల గుంజింది. హాస్టల్ మెట్లు దిగేటప్పుడు గోడ పట్టుకుంటున్నాను, ఎవరైనా వస్తుంటే ఫోన్ చూస్తున్నట్టు నిలబడిపోతున్నాను.

ఎందుకొచ్చిందో నాకూ కొంచెం అర్థమవుతోంది. మేం ప్రాక్టీస్ చేసే గ్రౌండ్‌లో ఎగ్జిబిషన్ వేశారు, నెలన్నర మాకు దారి లేదు. అందుకని పానగల్ రోడ్డు మీద పరుగు. అంతకుముందు వారానికి 30 కి.మీ. చేసేదాన్ని. సెలక్షన్స్ దగ్గర పడ్డాయని మూడు వారాల్లో 55కు తీసుకెళ్లాను. బూట్లు పోయినేడాదివి, మడమ దగ్గర ఒక పక్కకు అరిగిపోయాయి.

ఊరికి పోయినప్పుడు ఆర్‌ఎంపీ దగ్గర సూది వేయించుకున్నాను. రెండు రోజులు హాయిగా ఉంది. ఆ రెండు రోజులూ పరుగెత్తాను (తిట్టకండి). తర్వాత ఒక హాస్పిటల్‌లో ఎక్స్‌రే తీశారు. డాక్టర్ గారు ఫిల్మ్‌ను లైటు ముందు పెట్టి ఒక్క నిమిషం కూడా చూడలేదు. "బొక్క బాగుంది, కండరం పట్టింది, ఈ గోళీలు వాడు, పరుగెత్తొచ్చు" అన్నారు. కోచ్ సార్ అది విని "బొక్క బాగుంటే మరి నాటకాలెందుకు" అన్నారు. అమ్మేమో పసరు కట్టు కట్టిద్దాం రమ్మంటోంది.

సెలక్షన్స్ 19 రోజుల్లో. బొక్క బాగుందని ఎక్స్‌రే చెప్తుంటే ఈ నొప్పి ఎక్కడిది? పరుగెత్తనా, ఆగనా?


లతీఫ్ గుట్ట రన్నర్

చెల్లె, టెన్షన్ పడకు. ఇది షిన్ పెయిన్. కానిస్టేబుల్ ఈవెంట్స్‌కు ప్రాక్టీస్ చేసినప్పుడు మా బ్యాచ్‌లో సగం మందికి వచ్చింది. ఐస్ పెట్టు, క్రేప్ బ్యాండేజ్ చుట్టు, పిక్కలు బాగా సాగదియ్యి. నేను ఆ నొప్పితోనే 1600 మీటర్లు 7 నిమిషాల 15 సెకన్ల లోపల కొట్టాను. నొప్పి చూసి ఆగితే ఉద్యోగాలు రావు.


మాజీ హవల్దార్ (దేవరకొండ)

బిడ్డా, పైన తమ్ముడు మంచి మనసుతోనే చెప్పాడు, కానీ ఆ మాట వినకు. అతనికి వచ్చింది వేరే, నీకు వచ్చింది వేరే అనిపిస్తోంది.

నేను ఆర్మీలో చేసి వచ్చి, ఇప్పుడు మా దగ్గర పిల్లలకు పొద్దున పూట గ్రౌండ్ చేయిస్తున్నాను. డాక్టర్‌ను కాను. కానీ కుంటే కాళ్లు చాలా చూశాను. మా ట్రైనింగ్ సెంటర్‌లో మొదటి రెండు వారాలు అందరూ గుర్రాలే. మూడు, నాలుగు వారాలు దాటాక ఒక్కొక్కడు కుంటడం మొదలుపెట్టేవాడు. దీన్ని మార్చ్ ఫ్రాక్చర్ అనేవాళ్లు. బొక్క ఒక్క దెబ్బకు విరగదు. రోజూ అదే చోట అదే బరువు పడీ పడీ సన్నగా చిట్లుతుంది. దీని గురించి మొదట రాసింది 1855లో, ప్రష్యా సైన్యంలో డాక్టర్ బ్రైట్‌హాప్ట్. కవాతు చేసి చేసి సిపాయిల పాదాలు వాస్తున్నాయని రాశాడు. అప్పటికి ఎక్స్‌రే పుట్టనే లేదు, అది 1895లో వచ్చింది. ఆ వాపు వెనక ఉన్నది బొక్క పగులని తేలింది 1897లో. ఆ నలభై రెండేళ్లు ఎంతమంది సిపాయిలను "నాటకాలాడుతున్నావ్" అని తిట్టి ఉంటారో! అందుకే మీ కోచ్ సార్ మాట చదివి నాకు కొంచెం కాలింది.

కాలింది ఆయన మీద కాదు, నా మీదే. 2016లో నా దగ్గరికి ఒక పిల్లగాడు వచ్చేవాడు, లాంగ్ జంప్ బాగా చేసేవాడు. ముందు బొక్క నడిమధ్యన, సరిగ్గా ముందువైపు నొప్పి అని రెండు నెలలు చెప్పాడు. నేను "ఓర్చుకోరా, మగపిల్లాడివి" అన్నాను. ఒక పొద్దున ఇసుకలో దిగాడు, లేవలేదు. ఎండిన కట్టె విరిచిన చప్పుడు అటు చివర నిలబడ్డ నాకు వినిపించింది. లోపల రాడ్ వేశారు. సంవత్సరం పోయింది, వాడి ఆర్మీ వయసు కూడా దాటిపోయింది. ఇప్పుడు ఆటో నడుపుతాడు. కనబడితే నవ్వుతూ "సార్ ఎక్కండి" అంటాడు. అది నాకు తిట్టు కన్నా ఎక్కువ.

అప్పటి నుంచి ఏ పిల్ల, ఏ పిల్లగాడు కాలు నొప్పి అన్నా ఒకటే అడుగుతా. నొప్పి ఉన్న చోటు ఒక్క వేలు పెట్టి చూపించగలవా, అరచేయి పెట్టి రుద్దుతూ చూపించాలా? నువ్వూ చెప్పు. చెప్పేదాకా పరుగు బంద్.


పాలమూరు ఫిజియో (మహబూబ్‌నగర్)

సార్ అడిగిన వేలి ప్రశ్న నేను కాలేజీలో చదువుకున్నదే, కాకపోతే సార్ దాన్ని ఎక్కువ ఖర్చు పెట్టి నేర్చుకున్నారు.

మూడో లేన్, నేను ఫిజియోథెరపిస్ట్‌ను, పదకొండేళ్లుగా ఇదే పని. నీ కాలు చూడకుండా ఇదీ అని తేల్చి చెప్పలేను. కానీ నువ్వు రాసిన తీరే సగం చెప్తోంది. వార్మప్‌లో వచ్చి పోయేది, తర్వాత చివర్లో వచ్చేది, తర్వాత నడకలో, తర్వాత పడకలో. ఇది ఒక మెట్టు తర్వాత ఒక మెట్టు దిగుతూ వచ్చిన నొప్పి. లతీఫ్ గుట్ట తమ్ముడు చెప్పిన షిన్ పెయిన్ మొదటి మెట్టు దగ్గరే ఉంటుంది. అది బొక్క లోపలి అంచు పొడుగునా, నాలుగైదు వేళ్ల వెడల్పున, కొన్నిసార్లు జానెడు దాకా నొక్కితే నొస్తుంది. ఒళ్లు వేడెక్కితే తగ్గుతుంది, రాత్రి నిద్ర చెడగొట్టదు. స్ట్రెస్ ఫ్రాక్చర్, అంటే సార్ చెప్పిన ఆ సన్నటి చిట్లు అయితే రూపాయి బిళ్లంత చోటు. అక్కడ నొక్కితే ప్రాణం పోతుంది, రెండు వేళ్లు పక్కకు జరిగితే ఏమీ ఉండదు. పరుగెత్తేకొద్దీ పెరుగుతుంది. మూడోది ఒకటుంది. పరుగులో పిక్క రాయిలా బిగుసుకుపోయి పాదం తిమ్మిరెక్కి, ఆగిన పావుగంటకు మామూలైపోతే అది కండరాల అరల్లో ఒత్తిడి పెరగడం. నీకు అది కాదనుకుంటాను.

ఒంటి కాలి మీద గెంతి చూసుకోమని ఎక్కడైనా వీడియోలో చెప్తే చెయ్యకు. ఆ పరీక్ష మేం చేయించేదే, కానీ నడకలోనే నొస్తున్న దానితో గెంతించం.

ఇప్పుడు ఎక్స్‌రే సంగతి. ఆ డాక్టర్ గారు అబద్ధం చెప్పలేదు, ఫిల్మ్‌లో నిజంగానే ఏమీ ఉండి ఉండదు. ఈ పగులు మొదట్లో వెంట్రుక కన్నా సన్నం. చాలాసార్లు ఎక్స్‌రేలో మనకు కనిపించేది పగులు కాదు, దాని మీద శరీరం వేసుకున్న అతుకు. అతుకు పడటానికి రెండు మూడు వారాలు, ఇంకా ఎక్కువ కూడా పడుతుంది. కొందరికి ఎప్పటికీ కనిపించదు. కాబట్టి ఎక్స్‌రేలో కనిపిస్తే ఉన్నట్టే, కనిపించకపోతే లేనట్టు కాదు. ఎంఆర్‌ఐ అయితే గీత పడకముందే మూలుగలో చేరిన నీరు కూడా చూపిస్తుంది. దాన్ని బట్టి ఒకటి నుంచి నాలుగు గ్రేడ్‌లు ఇస్తారు. నాలుగంటే గీత కనిపించినట్టు.

మూడు నాలుగు వారాల దగ్గరే ఎందుకు కుంటారో సార్ అనుభవం మీద చెప్పారు, లోపల జరిగేది చెప్తాను. మన బొక్క చచ్చిన కట్టె కాదు. బరువు పెరిగితే పాత ముక్క తవ్వి తీసేసి కొత్తది కట్టుకుంటుంది. తవ్వడానికి మూడు వారాలు చాలు. కట్టి గట్టిపడటానికి మూడు నెలలు కావాలి. పెంకుటింటికి పాత పెంకులు దించి కొత్తవి ఎక్కించేలోపు ముసురు పట్టినట్టు ఉంటుంది ఆ మధ్యకాలం. నువ్వు 30 నుంచి 55కు పోయింది సరిగ్గా పెంకులు దించిన వారాల్లో. దానికి తోడు తారు రోడ్డు, అరిగిన బూట్లు. కండరం అలసిపోయాక దెబ్బను అది మోయదు, నేరుగా బొక్క మోస్తుంది.

నువ్వు చెప్పిన చోటు, లోపలి అంచు, అదృష్టం కొద్దీ మాట వినే చోటు. విశ్రాంతి ఇస్తే ఎక్కువ భాగం అవే అతుకుతాయి. సార్ చెప్పిన ముందువైపు నడిమధ్య చోటు అలా కాదు. అక్కడ అడుగు పడ్డ ప్రతిసారీ బొక్క సాగుతుంది, రక్తం కూడా తక్కువ అందుతుంది, ఎక్స్‌రేలో అడ్డంగా నల్లగీత కనిపిస్తే సర్జన్లే భయపడతారు. ఇంకొన్ని అలాంటి చోట్లున్నాయి. గజ్జలో లోతుగా నొప్పి అంటే తొడ ఎముక మెడ, దానితో ఒక్క రోజు కూడా పరుగెత్తకూడదు, ఆ రోజే కర్రలు పట్టుకుని హాస్పిటల్‌కు పోవాలి. పాదం పైన నడిమధ్య, చిటికెన వేలు వైపు పాదం మొదలు, లోపలి చీలమండ కూడా అంతే. ఈ థ్రెడ్ చదివే వాళ్లలో ఇంకెవరికైనా అక్కడ ఉంటే ఐదు వారాలు ఆగకండి.

సూది సంగతి. అది డైక్లోఫెనాక్ అనే నొప్పి మందే అయి ఉంటుంది. అది నొప్పిని మూసేస్తుంది, పగులును కాదు. ఆ రెండు రోజులూ నువ్వు కళ్లకు గంతలు కట్టుకుని పరుగెత్తావు. పైగా ఆ జాతి గోళీలు ఎక్కువ రోజులు వాడితే బొక్క అతకడం ఆలస్యం కావచ్చన్న అనుమానం కూడా ఉంది. తప్పదంటే పారాసిటమాల్, అదీ నడకకు, పరుగుకు కాదు. పసరు కట్టు కట్టేవాళ్లు ముందు మర్దన చేసి గుంజుతారు. అమ్మకు నా మాటగా చెప్పు, విరిగి పక్కకు జరిగిన బొక్క కాదమ్మా సరిచెయ్యడానికి, చిట్లిన బొక్క, దాన్ని పిసకొద్దు అని.

సెలక్షన్స్ వదులుకోవాలంటే కడుపు మండుతుంది, తెలుసు. మన సింధునే చూడు. 2022 ఆగస్టులో బర్మింగ్‌హామ్‌లో క్వార్టర్ ఫైనల్ నుంచి నొప్పితో ఆడి బంగారం తెచ్చింది. ఎంఆర్‌ఐ తీస్తే ఎడమ పాదంలో స్ట్రెస్ ఫ్రాక్చర్. అదే నెలలో ఉన్న ప్రపంచ చాంపియన్‌షిప్ వదిలేసింది. మళ్లీ టోర్నమెంట్ ఆడింది 2023 జనవరిలో. పక్కన ఫిజియోలు, ట్రైనర్లు అందరూ ఉన్న మనిషికే అంత పట్టింది.

ఇక కొన్ని ప్రశ్నలు. ఇక్కడ రాయడం ఇబ్బందైతే నాకు విడిగా మెసేజ్ పెట్టు. రోజుకు ఏం తింటున్నావు? ఈమధ్య బరువు తగ్గావా? డేట్స్ నెలనెలా వస్తున్నాయా? ఇంతకుముందు ఇలాంటిది వచ్చిందా? మూడో ప్రశ్న ఊరికే అడగలేదు.


మూడో లేన్

సార్, వేలితోనే చూపించగలుగుతున్నాను. నొక్కి చూశాను, కళ్లలో నీళ్లొచ్చాయి. అంగుళంన్నర కూడా లేదు ఆ చోటు. పరుగు ఆపేశాను.

అక్కా, విడిగా రాద్దామనుకున్నాను, తర్వాత ఇక్కడే రాద్దాం అనిపించింది. నా పేరు ఎవరికీ తెలియదు కదా.

డేట్ రాక నాలుగు నెలలైంది. రూమ్మేట్‌కు చెప్తే "ప్రాక్టీస్ గట్టిగా చేస్తే అంతేలే, హాయి కదా" అంది. నాకూ హాయిగానే అనిపించింది, అబద్ధం ఎందుకు. తెల్లారి ప్రాక్టీస్ అయ్యాక టీ, రెండు బిస్కెట్లు. పదకొండున్నరకు అన్నం, పప్పు. రెండు కేజీలు తగ్గితే చివరి రౌండ్‌లో కాలు లేస్తుందని గ్రౌండ్‌లో అన్నారు, అందుకని రాత్రి అన్నం మానేసి ఒక అరటిపండు తింటున్నాను. 51 నుంచి 46కు వచ్చాను. మొదట్లో టైమింగ్ నిజంగానే తగ్గింది. అందుకే ఆపలేదు.


పాలమూరు ఫిజియో

చెప్పినందుకు మంచిదైంది. ఇప్పుడు నీ కాలు నాకు బాగా కనిపిస్తోంది.

ఇది బూట్ల కథ, రోడ్డు కథ మాత్రమే కాదు చెల్లె, ముందు తిండి కథ. పరుగుకు ఖర్చయ్యేది పోగా మిగిలిన తిండితోనే ఒళ్లు మిగతా పనులన్నీ నడుపుకోవాలి. మిగలకపోతే ఇంట్లో డబ్బులు లేనప్పుడు మనం చేసినట్టే చేస్తుంది, ముందు అత్యవసరం కాని ఖర్చులు ఆపుతుంది. గర్భసంచి ఖర్చు ఆపుతుంది, డేట్ ఆగుతుంది. బొక్క రిపేరు ఆపుతుంది. డేట్ ఆగిందంటే ఈస్ట్రోజన్ తగ్గిందని. బొక్కను ఎక్కువగా తవ్వకుండా చూసే కాపలా అదే. పెంకులు దించేవాడికి అడ్డు లేదు, ఎక్కించేవాడికి కూలి లేదు. దీనికి అంతర్జాతీయ ఒలింపిక్ కమిటీ 2014లో రెడ్-ఎస్ అని పేరు పెట్టింది, మగపిల్లలకు కూడా వస్తుందని అప్పుడే చెప్పింది. వాళ్లకు డేట్ అనే గంట లేదు కాబట్టి ఇంకా ఆలస్యంగా తెలుస్తుంది.

మొదట్లో టైమింగ్ తగ్గడం నిజమే. అదే ఇందులో మోసం. తేలికైన ఒంటితో కొన్ని వారాలు బాగా పరుగెడతారు, అది చూసి అందరూ మెచ్చుకుంటారు. ఆ మెచ్చుకోలు నాకూ తెలుసు. నేను 2009లో ఇలాగే కుడి కాలు చిట్లించుకున్నాను, నాకు ఎవరూ డేట్ గురించి అడగలేదు. ఆరు నెలల్లో మళ్లీ అదే కాలు.

మూడు నెలలు డేట్ రాకపోతే గైనకాలజిస్ట్‌కు చూపించాలి. థైరాయిడ్, పీసీఓడీ లాంటివి కావని తేల్చాలి. ఒక్క మాట గుర్తుపెట్టుకో. గోళీలిచ్చి డేట్ తెప్పిస్తే నెల లెక్క సరిపోతుంది, బొక్క లెక్క సరిపోదు. తిండి పెరిగి దానంతటది రావాలి. ఆర్థోకు చూపించేటప్పుడు ఈ నాలుగు నెలల సంగతి మొదటి వాక్యంలోనే చెప్పు, సిగ్గుపడకు. ఎంఆర్‌ఐతో పాటు విటమిన్ డి, కాల్షియం, హిమోగ్లోబిన్ చూడమని అడుగు. రాత్రి అన్నం ఇవాళ్టి నుంచే.


మర్రిగూడ పెద్దాయన

అమ్మా ఫిజియో గారూ, నాదొక సందేహం. ఈ పిల్లది చండూరు దిక్కు అంటోంది. మా మండలాల నీళ్ల సంగతి మీకు తెలియంది కాదు. మా తరం వాళ్లం నడుములు వంగి, మెడ తిప్పలేక ఉన్నాం. ఇది ఆ ఫ్లోరైడ్ వల్ల కాదా? ఎవరూ ఆ మాటే ఎత్తడం లేదు.


పాలమూరు ఫిజియో

పెద్దాయనా, ఆ మాట ఎత్తకపోవడం నా తప్పే.

ఫ్లోరైడ్ చేసే చిత్రం ఏమిటంటే బొక్కను లావు చేస్తుంది, కానీ గట్టిగా చెయ్యదు. ఒకప్పుడు డాక్టర్లు దీన్ని మందుగానే వాడి చూశారు. మేయో క్లినిక్ వాళ్లు బొక్కలు గుల్లబారిన ఆడవాళ్లకు నాలుగేళ్లు ఫ్లోరైడ్ ఇచ్చి 1990లో ఫలితం రాశారు. వెన్నెముక సాంద్రత బాగా పెరిగింది, కానీ వెన్ను కాని బొక్కలు మందు లేనివాళ్ల కన్నా ఎక్కువ విరిగాయి. ఆ మందు వాడినవాళ్లలో కాళ్లలో సన్నటి చిట్లు కూడా చూశారు. కాబట్టి మీ అనుమానం గాలి మాట కాదు.

కానీ ఈ అమ్మాయి విషయంలో తొందరపడను. నీటిలో లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటకూడదనేది లెక్క. ఆమె ఎన్నేళ్లు ఏ నీళ్లు తాగిందన్నది తెలియాలి. మిషన్ భగీరథ నీళ్లు వచ్చాక పెరిగిన పిల్లలకూ, అంతకుముందు బోరు నీళ్లతో పెరిగినవాళ్లకూ తేడా ఉంటుంది. పళ్ల మీద గోధుమ మచ్చలుంటే చిన్నప్పుడు, పళ్లు తయారయ్యే వయసులో ఫ్లోరైడ్ తాగిందని అర్థం. ఆ మచ్చలు చూసి ఇవాళ్టి బొక్క మీద తీర్పు చెప్పలేం. డాక్టర్‌కు ఊరి పేరు చెప్తే అవసరమైతే మూత్రంలో ఫ్లోరైడ్ చూస్తారు, ముంజేతి ఎక్స్‌రే తీస్తారు. ఇంకో చిక్కు కూడా ఉంది. ఫ్లోరైడ్ ఉన్నవాళ్లకు బొక్క సాంద్రత స్కాన్ తీస్తే అంకె బాగా ఉన్నట్టే చూపించవచ్చు. దాన్ని నమ్మి మోసపోకూడదు.

అయినా వారానికి 30 నుంచి 55 కిలోమీటర్లు, నాలుగు నెలలు ఆగిన డేట్, ఐదు కేజీలు. ఇన్ని కారణాలు కళ్ల ముందుండగా నీళ్ల మీదికి నెట్టేస్తే ఆమె రాత్రి అన్నం మళ్లీ మానేస్తుంది.


మూడో లేన్ (మూడు వారాల తర్వాత)

ఎంఆర్‌ఐ అయింది. ఆరు వేలు. నాన్న ఏమీ అనకుండా పత్తి డబ్బుల్లోంచి తీసిచ్చాడు, అది నాకు ఇంకా బరువుగా ఉంది. టిబియా (అదే, ఆ ముందు బొక్క) లోపలి వెనక అంచు, గ్రేడ్ 3 అని రాశారు. గీత ఇంకా పడలేదు. విటమిన్ డి 11 ఉంది, 20 కన్నా తక్కువైతే లోపమేనట. వారానికి ఒకటి చొప్పున 60,000 యూనిట్లు, ఎనిమిది వారాలు. రోజూ ఎండలో పరుగెత్తేదాన్ని, నాకు విటమిన్ డి ఎట్లా తక్కువైందో అనుకున్నాను. మేం పరుగెత్తేది ఐదింటికి, చీకట్లో అని తర్వాత గుర్తొచ్చింది.

రెండు వారాలు చంకకర్రలు, ఎనిమిది వారాలు పరుగు లేదు అన్నారు. ఊరి పేరు చెప్తే ముంజేతి ఎక్స్‌రే కూడా తీశారు, అందులో ఫ్లోరైడ్ గుర్తులేమీ లేవన్నారు. పెద్దాయనా, మీకు చెప్పాలనిపించింది.

సెలక్షన్స్ పోయాయి. ఆ రోజు గ్రౌండ్‌కు పోలేదు. హాస్టల్‌లోనే ఉండి రాత్రి రెండోసారి అన్నం పెట్టించుకున్నాను. ఈ ఎనిమిది వారాలు ఏం చెయ్యాలి? ఊరికే ఉంటే పిచ్చెక్కేలా ఉంది.


మాజీ హవల్దార్

కర్రలు వదిలాక సైకిల్ తొక్కు బిడ్డా, నొప్పి లేకపోతేనే. సీటు కొంచెం ఎత్తుగా పెట్టుకో. ఊళ్లో మెట్ల బావి ఉంటే, ఈత వస్తే, ఈత కొట్టు. ఒంటరిగా దిగకు, నాన్ననో అన్ననో గట్టు మీద కూర్చోబెట్టుకో. గట్టు మీద నుంచి దూకవద్దు, మెట్ల మీద నుంచే. లోతు నీళ్లలో నడుముకు బెండ్లు కట్టుకుని, కాలు అడుగుకు తగలకుండా పరుగెత్తినట్టు కాళ్లాడించు. మా పిల్లలు నవ్వుతారు దీనికి. రెండు నిమిషాలు చేశాక నవ్వరు.


పాలమూరు ఫిజియో

సార్ చెప్పినవన్నీ సరే. తుంటి, పిక్కల బలానికి నేను విడిగా పంపుతాను, కూర్చుని చేసేవి.

తిండికి లెక్క రాసిస్తున్నాను. రోజుకు వెయ్యి మిల్లీగ్రాముల కాల్షియం కావాలి. గ్లాసు పాలు సుమారు 240. వంద గ్రాముల రాగి పిండి 350 దాకా. నువ్వుల పొడి అన్నంలో రెండు చెంచాలు వేసుకో, మనింట్లో ఎట్లాగూ ఉంటుంది. అమెరికా నేవీలో చేరిన ఆడవాళ్లకు రోజుకు 2000 కాల్షియం, 800 యూనిట్ల విటమిన్ డి ఇస్తే ఈ ఫ్రాక్చర్లు 20 శాతం తగ్గాయని 2008లో వచ్చింది. అంటే మిగతా 80 శాతం కాల్షియం గోళీతో ఆగలేదు. అందుకే గోళీ మింగి అన్నం మానకు. కసరత్తు అయిన అరగంటలో కడుపులో ఏదైనా పడాలి. రెండు గుడ్లు, అరటిపండు, గుప్పెడు పల్లీలు, హాస్టల్‌లో ఇవి దొరుకుతాయి.

ఎనిమిది వారాలు అన్నారని తొమ్మిదో వారం మొదటి రోజున పరుగందుకోకు. క్యాలెండర్ చూడొద్దు, కాలు చూడు. వేలితో నొక్కితే నొప్పి ఉండకూడదు. అరగంట వేగంగా నడిస్తే ఆ రోజూ, మర్నాడు పొద్దునా నొప్పి ఉండకూడదు. అప్పుడు మట్టి మీద ఒక నిమిషం పరుగు, రెండు నిమిషాలు నడక. రోజు విడిచి రోజు. దూరం పెంచిన వారం వేగం పెంచకు. మర్నాటి పొద్దున వేలికి ఏమాత్రం తగిలినా వారం వెనక్కి. బూట్లు కొత్తవి కొను, రంగు చూసి కాదు.


మూడో లేన్ (మూడు నెలల తర్వాత)

అందరూ మరిచిపోయి ఉంటారు ఈ థ్రెడ్‌ను. పన్నెండో వారం దాటింది. మధ్యలో ఒకసారి వెనక్కి పోవాల్సి వచ్చింది. ఫ్రెండ్ పెళ్లిలో రెండు గంటలు డాన్స్ చేశాను, మర్నాడు వేలికి తగిలింది. అక్కకు చెప్తే తిట్టింది, వారం కాదు పది రోజులు ఆపేసింది.

నిన్న కాలువ కట్ట మీద మొత్తం పది నిమిషాల పరుగు అయింది, నడకతో కలిపి అరగంట. తెల్లారి నొక్కి చూశాను, ఏమీ లేదు. కుడి కాలు నొక్కి చూసినట్టే ఉంది. బరువు 50. కోచ్ సార్‌కు ఎంఆర్‌ఐ చూపించాను. చాలాసేపు చూసి, "మిగతా అమ్మాయిలను కూడా అడగాల్సిందేమో" అన్నారు. ఏం అడగాలో ఆయన నోటితో అనలేకపోయారు, మేడంతో అడిగిస్తానన్నారు.

అక్కా, నీకు మెసేజ్ పెట్టాను చూడు. అడిగావు కదా మూడో ప్రశ్న. మొన్న గురువారం.


పాలమూరు ఫిజియో

చూశాను. ఆటోలో ఉన్నాను, గట్టిగా అరిచాను, డ్రైవర్ బ్రేక్ వేశాడు.


కొత్త సభ్యుడు (అచ్చంపేట)

మొత్తం చదివాను. ఎస్‌ఎస్‌సీ జీడీకి (కేంద్ర బలగాల కానిస్టేబుల్ ఉద్యోగానికి) 5 కి.మీ. ప్రాక్టీస్ చేస్తున్నాను, 24 నిమిషాల్లో రావాలి. నాకూ కాలు నొప్పి నెల రోజుల నుంచి. ఎంఆర్‌ఐకి డబ్బుల్లేవు. ఏం చెయ్యాలి సార్?


మాజీ హవల్దార్

డబ్బుల మాట తర్వాత చూద్దాం. ఎక్కడ నొస్తోందో ఒక్క వేలితో చూపించగలవా, అరచేయి పెట్టాలా?